చచ్చే వేషాల యేసురత్నం

నేను దయ్యాల్ని నమ్మను. అప్పుడూ నమ్మలేదు, ఇప్పుడూ నమ్మను. ఇట్లా మొదట్లో గట్టిగా చెప్పి, నాలుగు పేరాలు తిరక్కుండానే చెమటలు పట్టాయని రాసేవాళ్ళని చాలామందిని చదివాను. వాళ్ళ మీద నాకు ఏమంత గౌరవం లేదు. దయ్యాలు నా చేతి కింద పనిచేశాయి కాబట్టి నా సంగతి కొంచెం వేరు.

తొంభైల్లో ఆత్మకూరులో ఒక సినిమా హాల్లో నేను ఆపరేటర్‌ని. రోజుకు నాలుగు ఆటలు దయ్యాన్ని లేపి, ఆడించి, మళ్ళీ డబ్బాలో పెట్టి మూత వేసేవాణ్ణి. దయ్యమంటే ముఖానికి పిండి, కళ్ళ కింద మసి, వెనక నుంచి ఒక ఫ్యాను. దానికే బెంచీల మీద కూర్చున్న మగాళ్ళు కేకలు పెట్టి పక్కవాడి భుజం పట్టుకునేవాళ్ళు. పాముల గట్ల మీద చెప్పుల్లేకుండా నడిచి వచ్చినవాళ్ళే, పాముకి భయపడరు గానీ పిండికి భయపడతారు. జనం తెలివి మీద నాకు ఆశ పోయింది ఆ ఉద్యోగంలోనే.

ఆ పిండి సినిమాల్లో మా యేసురత్నం ఉండేవాడు.

వాడు మా పెద్దమ్మ కొడుకు, నాకు తమ్ముడి వరస. సొంతూరు ఉదయగిరి. పెద్దమ్మ అక్కడ బైబిల్ ఉమన్‌గా పనిచేసింది, అంటే సంఘం తరఫున ఇల్లిల్లూ తిరిగి ఆడవాళ్ళకు వాక్యం చెప్పే పని. పెద్దనాన్న వీడి చిన్నప్పుడే పోయాడు. వీడొక్కడే కొడుకు. ఒక క్రిస్మస్ నాటకంలో హేరోదు రాజు వేషం వేస్తే, గొంతు బాగుందని పాస్టరుగారు అందరి ముందూ మెచ్చుకున్నారు. ఆ మెచ్చుకోలే కొంప ముంచింది. టీచర్ ట్రైనింగ్ మధ్యలో వదిలేసి మద్రాసు బస్సెక్కాడు.

మద్రాసులో వాడి గొంతు ఎవరికీ అక్కర్లేకపోయింది. ఎత్తు, ఎముకలు, గుంట కళ్ళు పనికొచ్చాయి. మాంత్రికుడి శిష్యుడు, పాడుబడ్డ బంగళా వాచ్‌మన్, కాటికాపరి, పాము సినిమాలో మొదటి కాటు తినేవాడు. ఏ వేషమైనా ఇంటర్వెల్ లోపలే చావాలి. దయ్యం ఎంత గట్టిదో జనానికి తెలియాలంటే ముందు ఎవణ్ణో ఒకణ్ణి చంపి చూపించాలి కదా, ఆ ఒకడు మావాడు. పేర్లు వేసేటప్పుడు వాడి పేరు ‘తదితరులు’. పదేళ్ళ పైన కష్టపడి అంత పేరు తెచ్చుకున్నాడు. వాడు మాట్లాడే రెండు ముక్కలు కూడా వాడివి కావు. మా వైపు యాస వినపడుతుందని వేరేవాళ్ళ చేత గొంతు చెప్పించేవాళ్ళు. దయ్యం చేతిలో చచ్చేవాడికి యాస ఉంటే ఏమిటి నష్టమో నాకు అర్థం కాలేదు.

ఒకసారి షూటింగుకని నెల్లూరు వైపు వచ్చి, ఉదయగిరికి పోకుండా నా ప్రొజెక్టర్ గదిలో ఒక మధ్యాహ్నం కూర్చుని పోయాడు. చీకటి గదిలో కూడా నల్లద్దాలు తీయలేదు. పెద్దమ్మను చూసి పోరా అంటే, ఒక మంచి వేషం పడనీ, కారులో వస్తానన్నాడు. మంచి వేషమంటే ఏమిట్రా అని అడిగాను.

“సినిమా అయిపోయేదాకా బతికుండేదన్నా,” అన్నాడు.

అదీ వాడి జీవితాశయం. కనీసం హీరో పక్కన నిలబడాలని కూడా కాదు.

ఆ రోజే వాడు వాళ్ళ పనిలో ఉండే ఒక ఆచారం సంగతి చెప్పాడు. సినిమాలో చచ్చినట్టు పడుకున్నవాణ్ణి, ఆ షాటు కాగానే లేపి, కెమెరా వైపు చూసి నవ్వమంటారట. కెమెరా నిజంగానే తిరుగుతుంది. కొంచెం ఫిల్ము ఆ నవ్వుకే ఖర్చు పెడతారు. చావు దగ్గర కెమెరా ఆపేస్తే మనిషికి కీడని వాళ్ళ భయం. ఆ ముక్క సినిమాలోకి రాదు, ఎడిటింగులో తీసి పారేస్తారు. మావాడు మాత్రం ఒక్కసారి కూడా నవ్వలేదట.

“మా అమ్మ వాక్యం చెప్పే మనిషి. ఇట్టాంటి శకునాలు నాకు పనికిరావు. లేచి దులుపుకొని పోతా,” అన్నాడు గర్వంగా.

దానికి కోపమొచ్చి కొందరు మళ్ళీ పిలవలేదు కూడానట. చూడండి వీడి వరస. పుర్రె ముందు కూర్చుని కోడి రక్తం తాగే వేషానికి అడ్డం రాని మతం, నవ్వడానికి అడ్డమొచ్చింది. రీలు మార్చుకోవాల్సి వచ్చి లేచాను.

ఉదయగిరిలో పెద్దమ్మ సినిమా హాలు గడప తొక్కిన మనిషి కాదు. వాళ్ళ సంఘంలో అది పాపం కింద లెక్క. కానీ వార్తలు ఇంటికే వచ్చేవి. నీ కొడుకుని దయ్యం పీక నులిమిందనీ, కొండాపురం హాల్లో చూశాం, బావిలో తేలాడనీ, ఇంకో దాంట్లో చెట్టుకి వేలాడుతున్నాడనీ పనికట్టుకుని వచ్చి చెప్పేవాళ్ళు. కన్నతల్లికి ఆ కబురు మోసుకొచ్చేవాళ్ళకి ఎంత ఉత్సాహమో. అంతా నాటకమని ఆమెకి తెలుసు. అయినా ఆ పూట అన్నం ముట్టేది కాదు.

ఇంతలో ఆమె కళ్ళకు నీటికాసులు వచ్చాయి. పక్కలేవీ కనపడవు, ఎదురుగా ఉన్నది మాత్రం గొట్టంలోంచి చూసినట్టు కనపడుతుంది. పోయిన చూపు రాదనీ, ఉన్నదీ ఎక్కువ కాలం నిలవదనీ నెల్లూరు డాక్టరు చెప్పేశాడు. చూపు ఉండగానే కొడుకు ముఖం చూడాలని ఆమె కోరిక. మద్రాసుకి కబురు మీద కబురు పంపాం. మంచి వేషం వచ్చేలా ఉంది, అది కాగానే వస్తానని జవాబు వచ్చింది. ఆ జవాబు విన్న రోజు వాడు ఎదురుగా ఉంటే కొట్టేవాణ్ణి.

అప్పుడే వాడున్న ఒక బంగళా సినిమా మా హాలుకి వచ్చింది. ఎవరు చెప్పారో గానీ, రెండో రోజే పెద్దమ్మ ఉదయగిరి బస్సు దిగి, తడుముకుంటూ మా ఇంటికి వచ్చింది. చెయ్యి పట్టుకుని అరుగు మీద కూర్చోబెట్టాను.

“ఒరే దానేలు, మీ హాల్లో రత్నం ఉండాడంట గదా,” అంది.

“ఉండాడు పెద్దమ్మా. ఉండేది కాసేపే.”

“కాసేపు చాలబ్బయా. బతికుండేది మటుకు చూపించు. చచ్చేది నాకొద్దు. నా కళ్ళు ఈ పొద్దో రేపో పోతాయి. కడాకు చూసిన మొఖమే గదా లోపల నిలబడేది. వాడు చచ్చి పడుండేది పెట్టుకోని నేను బతకలేను.”

సరేనన్నాను. అనడం తేలిక. చిక్కెక్కడంటే, ఆ సినిమాలో వాడి ముఖం సరిగ్గా కనపడేది చచ్చాకనే. బతికున్నంతసేపూ నెత్తి మీదుగా కంబళి, చేతిలో లాంతరు, ముఖమంతా నీడ. గేటు తీసి “ఎవరది?” అంటాడు. తర్వాత కేక. ఆ తర్వాత బంగళా ముందు ఎండాకుల మీద పడి ఉంటాడు, నోట్లోంచి రక్తం, తెరిచిన కళ్ళు. అది మటుకు తెర నిండుగా చూపిస్తారు. దర్శకుడెవరో గానీ, బతికున్న యేసురత్నం ముఖంతో ఆయనకు పని లేకపోయింది.

మర్నాడు పొద్దున హాలుకి పోయి ఆ చావు ముక్క కోసేశాను. కోయడం మాకు కొత్త కాదు. ఆఖరి బస్సు దొరకదని జనం గోల పెడితే పాటలే కోసిన వాళ్ళం. కేక దగ్గర కోసి, దాని తర్వాత వచ్చే హీరోయిన్ జలపాతం పాటకి అతికించాను. కథకేమీ లోటు రాలేదు, అసలు కథ ఉంటే కదా. కోసిన ముక్కను చుట్ట చుట్టి గోడ మేకుకి తగిలించాను. కంబళి మనిషిని చూపించి, వాడే నీ కొడుకని చెప్పి పంపించెయ్యొచ్చు, ఆమెకు కనపడేదే అంతంత మాత్రం కదా అనుకున్నాను.

మ్యాట్నీకి ఆమెను తీసుకొచ్చాను. జనం పల్చగా ఉన్నారు. గేటు దగ్గర పనిచేసే మస్తాను ఆమెను తెరకు బాగా దగ్గరగా కూర్చోబెట్టి, తను పక్కనే నిలబడ్డాడు. సంఘం వాళ్ళెవరైనా చూస్తారేమోనని ఆమె కొంగు తల మీదికి లాక్కుంది. నేను పైన గదిలో, ప్రొజెక్టర్ పక్కనుండే కంతలోంచి చూస్తూ నిలబడ్డాను.

కంబళి మనిషి వచ్చాడు, లాంతరు ఎత్తాడు. “ఎవరది?” అని బొంగురు గొంతు. అది మద్రాసులో ఎవడో అద్దె మనిషి గొంతు. పెద్దమ్మ తెర వైపు చూడ్డం మానేసి వెనక్కి తిరిగి, నా కంత వైపు ముఖమెత్తింది. గొంతు గుర్తుపట్టలేదు, ముఖం కనపడలేదు, వీడు నా కొడుకు కాదని ఆమె అనుకుందని నాకు అర్థమైంది. నన్ను తిట్టుకున్నాను, వాణ్ణి అంతకు నాలుగింతలు తిట్టాను. ఇంతలో మస్తాను ఏదో చెప్పి ఆమెను ముందుకు తిప్పాడు.

కేక వచ్చింది. నేను అతికించిన చోటు ప్రొజెక్టర్ గేటులోంచి టక్కుమని దాటింది, ఆ చప్పుడు నాకు బాగా తెలుసు. తర్వాత జలపాతం రావాలి.

ఎండాకులు వచ్చాయి. వాటి మీద యేసురత్నం పడుకుని ఉన్నాడు. కంబళి లేదు. నేను కోసేసిన ముక్కే ఎట్లాగో మిగిలిపోయిందనుకుని స్విచ్చి మీద చెయ్యి వేశాను. అంతలో వాడు మోచెయ్యి ఆనించి లేచి కూర్చున్నాడు. పక్కనుంచి ఎవరిదో చెయ్యి వచ్చి ఒక తువ్వాలు ఇచ్చింది, ఆకుపచ్చ అంచుది. దాంతో మూతి మీది ఎర్రరంగు తుడుచుకున్నాడు. తల వంచుకున్నాడు కొంచెంసేపు, సిగ్గుపడినట్టు. తర్వాత తలెత్తి సూటిగా చూసి నవ్వాడు. కింది వరసలో ఒక పన్ను లేదు. శబ్దమేమీ రాలేదు. మద్రాసు పోకముందు, టౌను బడి మైదానంలో బంతాట గెలిచి వచ్చినప్పుడు నవ్వేవాడే, ఆ నవ్వు.

ఎంతసేపు నవ్వాడో చెప్పలేను. ప్రొజెక్టర్ లోపల వెలుగిచ్చే కార్బన్ కడ్డీలు కాలే కొద్దీ వాటిని జరుపుతూ ఉండాలి, లేకపోతే తెర మసకబారుతుంది. నేను జరపలేదు. తెర మసకబారలేదు. తర్వాత జలపాతం వచ్చింది, హీరోయిన్ వచ్చింది, కింద ఈలలు మొదలయ్యాయి.

ఇంటర్వెల్‌లో ఆ రీలు తీసి బల్బు వెలుగులో చేత్తో లాగి చూశాను. కేక ఉంది, నా అతుకు ఉంది, అతుకు పక్కనే జలపాతం ఉంది. మధ్యలో ఏమీ లేదు. మేకుకున్న ముక్క విప్పి చూశాను. అందులో మొదటినుంచి చివరిదాకా శవమే. ఇంతలో మస్తాను మెట్లెక్కి వచ్చాడు.

“ఏందన్నా, నిద్ర పోయినావా? అంతసేపు తెర తెల్లంగా పెట్టినావే. జనం కేకలేస్తా ఉంటే ఇనపళ్ళా నీకు?” అన్నాడు.

కేకలు నాకు వినపళ్ళేదు. తెల్లగా ఉండటం కూడా నేను చూళ్ళేదు. రీలు తెగిందని చెప్పి పంపించాను.

ఆట వదిలాక పెద్దమ్మ సైకిల్ స్టాండు దగ్గర నిలబడి ఉంది. నేనేమీ అడగలేదు, చెప్పనూ లేదు. ఈ సంగతి రాసేటప్పుడు దీన్నే అన్నిటికంటే ముఖ్యంగా రాయాలనుకున్నాను. ఆమే మొదట మాట్లాడింది.

“చూసినా అబ్బయా. ముందొచ్చిన కంబళోడెవడో నాకు తెలీదు. మనోడు తర్వాత గదా వచ్చింది. పచ్చంచు తువ్వాల్తో మూతి తుడుచుకోని నవ్వినాడు. కింద పన్నొకటి ఊడినట్టుండాది. సరింగా తింటా ఉండాడో లేదో.”

ఆమె నా చెయ్యి పట్టుకుని, బస్సు ఎక్కించమంది. దారిలో ఒక కీర్తన సన్నగా పాడుకుంది. ఆమెను అంత తేలిగ్గా ఉండగా నేను చాలా ఏళ్ళుగా చూడలేదు. ఆ వానాకాలం వెళ్ళేలోపే చూపు పూర్తిగా పోయింది.

ఆ సినిమా మా హాల్లో ఉన్నన్నాళ్ళూ ప్రతి ఆటలో ఆ చోటు కాచుకుని చూశాను. జలపాతమే వచ్చింది. ఫిల్ము బాక్సు తిరిగి పంపే ముందు చావు ముక్కను మళ్ళీ అతికించి కూడా చూశాను. శవం శవంలాగే పడి ఉంది. తెలిసిన కాలేజీ లెక్చరర్ ఒకాయనకి చెబితే, మనం కోరుకున్నది మెదడు మనకు చూపిస్తుందని చాలాసేపు బోధించాడు. వినడానికి బాగానే ఉంది. మరి ఇద్దరి మెదళ్ళూ ఒకే రంగు అంచున్న తువ్వాలు ఎట్లా కోరుకున్నాయి సార్ అని అడిగితే, నేను పోయించిన టీ తాగేసి వెళ్ళిపోయాడు. సంఘంలో ఒకాయన దేవదూత అన్నాడు. ఆ హాల్లో ఆడే బొమ్మలు నాకు తెలుసు. దేవదూత అక్కడికి వచ్చే పనైతే ఆయన మీద కూడా నాకు గౌరవం పోతుంది.

కొన్నాళ్ళకి ఇంటింటికీ కేబుల్ వచ్చింది, పిండి దయ్యాల గిరాకీ పడిపోయింది. చచ్చే వేషాలు కూడా దొరక్క యేసురత్నం ఊరికి వచ్చాడు. కారు లేదు. ఆత్మకూరు బస్టాండులో దిగాడు, అవే నల్లద్దాలు. ఉదయగిరికి నేనూ వెంట పోయాను. బస్సులో పక్కన కూర్చుంటే, కింది వరసలో పన్ను లేకపోవడం కనపడింది. నా గదిలో కూర్చున్న రోజు వాడికి పళ్ళన్నీ ఉన్నాయి. ఎప్పుడు ఊడిందని అడిగాను. ఆ బంగళా సినిమా ఆడి పోయిన తర్వాత ఇంకేదో సినిమాలో సెట్టింగు బావిలో పడేస్తే అంచు తగిలి ఊడిందట. అంటే మేము చూసిన రోజుకి అది ఇంకా వాడి నోట్లోనే ఉంది.

ఆ సినిమాలో చావు షాటు తర్వాత నవ్వావా అని అడిగాను.

“ఏ దాంట్లోనూ నవ్వలేదన్నా. నీకు చెప్పినా గదా.”

“తువ్వాలు ఎవరన్నా ఇచ్చినారా?”

“నాకు తువ్వాలు ఇచ్చేదెవరు? చొక్కాతోనే తుడుచుకోని బస్సెక్కినా.”

అప్పుడు జరిగిందంతా చెప్పాను. భయపడతాడనుకున్నాను. వాడు అద్దాలు సర్దుకుని, అయితే అమ్మకి నేను బాగానే కనపడినానన్నమాట అని ఛాతీ విరుచుకున్నాడు. చెయ్యని పనికి కూడా పేరు తీసుకునే అలవాటు ఆ మద్రాసులో అబ్బింది కాబోలు.

పెద్దమ్మ వాకిట్లో మంచం మీద కూర్చుని ఉంది. వాడు “అమ్మా” అనగానే రెండు చేతులూ చాచింది. వాడి నల్లద్దాలు తీసి పక్కన పెట్టింది. నుదురు, కళ్ళు, దవడలు వేళ్ళతో తడిమింది. ఊడిన పన్ను చోట వేలు ఆపి, ఆ పొద్దే చెప్పినా గదా అన్నట్టు నా వైపు తల తిప్పింది. ఏడ్చింది, వాడూ ఏడ్చాడు. నాకూ కళ్ళు తడిశాయి, వాడి మీద ఎంత కోపమున్నా.

“ఒకసారి నవ్వరా,” అంది.

వాడు నవ్వాడు. మనస్ఫూర్తిగానే నవ్వాడు, అందులో వంక పెట్టను. ఆమె వేళ్ళు వాడి బుగ్గల మీద అట్లాగే ఉన్నాయి. ఆ తర్వాత మెల్లగా చేతులు తీసేసుకుంది.

“నా కొడుకువే, కాదన్లేదు. అయితే ఆ పొద్దు నవ్వింది నువ్వు కాదురా,” అంది.

కోపంగా అనలేదు. అన్నం తిందురు రండని లేచింది.

వాడు మళ్ళీ మద్రాసు పోలేదు. ఆమె పోయేదాకా దగ్గరుండి వండిపెట్టాడు, చర్చికి నడిపించుకుని పోయాడు. ఆ ఒక్క పని విషయంలో వాణ్ణి నేను ఏమీ అనను. ఆమె వాడు పెట్టింది తిన్నది, వాడి కోసం ప్రార్థన చేసింది, మళ్ళీ నవ్వమని మాత్రం ఎప్పుడూ అడగలేదు.

ఆమె సమాధి కార్యక్రమం అయ్యాక అరుగు మీద ఇద్దరమే మిగిలాం. వాడు ఆ తెర మీది నవ్వు సంగతి ఎత్తాడు. ఎవరై ఉంటారని అడుగుతాడనుకున్నాను.

“అన్నా, నిజం చెప్పు. వాడు నాకంటే బాగా చేసినాడా?”

లేదురా అన్నాను. అది అబద్ధం. అంతకు మించి ఆ నవ్వు గురించి నాకు తెలిసింది ఏమీ లేదు.